ఆ పిల్లలను చూపించాల్సింది ఎవరు?

చిరంజీవి బుజ్జికి నాన్న ఆశీస్సులు.

టవర్ ఆఫ్ లండన్ చూసి వచ్చి, 1483లో అక్కడ మాయమైన ఇంగ్లండ్ కుర్రరాజు ఐదో ఎడ్వర్డ్, అతని తమ్ముడి గురించి నువ్వు రాసింది చదివాను. "ఇందులో మిస్టరీ ఏముంది నాన్నా, కిరీటం కోసం బాబాయి అన్న కొడుకులను చంపించాడు, అంతేగా" అని రెండు ముక్కల్లో తీర్పు చెప్పేశావు. కింద "ప్లీడరుగారు ఏమంటారో" అని ఒక చురక కూడా. ప్లీడరుగారికి ఈ మధ్య కోర్టు పని తగ్గింది కాబట్టి తీరిగ్గా జవాబు రాస్తున్నాడు. ఫోనులో మొదలుపెడితే మధ్యలో మీ అమ్మ లాక్కుంటుంది.

ముందు నీ మాటలో ఒకటి సరిచేయాలి. "జైల్లో పెట్టారు" అన్నావు. 1483లో టవర్ అంటే జైలొక్కటే కాదు, రాజభవనం కూడా. పట్టాభిషేకానికి ముందు రాజు అక్కడ విడిది చేయడం ఆనవాయితీ. అందుకే 12 ఏళ్ల ఐదో ఎడ్వర్డ్‌ను అక్కడికి తీసుకెళ్తుంటే జనం వింతగా చూడలేదు. ఎత్తుకుపోయినట్టు ఉంటే ఎవరైనా అడిగేవారేమో.

తండ్రి నాలుగో ఎడ్వర్డ్ ఏప్రిల్ 9న పోయాడు. అప్పటికి పిల్లవాడు వేల్స్ సరిహద్దులోని లడ్లోలో, మేనమామ రివర్స్ ప్రభువు సంరక్షణలో ఉన్నాడు. లండన్‌కు బయలుదేరారు. దారిలో బాబాయి రిచర్డ్, గ్లాస్టర్ డ్యూక్, ఎదురయ్యాడు. రాత్రి రివర్స్‌తో కలిసి నవ్వుతూ భోంచేశాడు, తెల్లవారగానే అతన్ని బంధించాడు. ఏప్రిల్ 30న స్టోనీ స్ట్రాట్‌ఫర్డ్‌లో పిల్లవాడు బాబాయి చేతికి వచ్చాడు. బ్రిటిష్ లైబ్రరీలో ఆ రోజుల నాటి తోలుకాగితపు ముక్క ఒకటి ఉంది. పైన కుర్రరాజు సంతకం. కింద బాబాయి సంతకం, పక్కనే ఫ్రెంచిలో అతని బిరుదువాక్యం: విధేయతే నన్ను కట్టి ఉంచుతుంది అని. ఆ కింద అతని తోడుదొంగ బకింగ్‌హామ్ డ్యూక్ సంతకం. చేతిరాత ఎలా ఉందో సరదాగా చూసుకున్నట్టుంది. ఆ వయసు పిల్లవాడు కొత్తగా రాజయ్యాక సంతకం చేసి చూపించడం ఎంత సహజం!

ఈ కబురు అందగానే తల్లి ఎలిజబెత్ వుడ్‌విల్ చిన్న కొడుకునూ అయిదుగురు కూతుళ్లనూ తీసుకుని వెస్ట్‌మినిస్టర్ అబ్బే శరణాలయంలో చేరింది. శరణు అన్నవారిని గుడిలోంచి లాగకూడదన్నది అప్పటి ధర్మం. అసలు ఐదో ఎడ్వర్డ్ పుట్టిందే అక్కడ, 1470లో, తండ్రి దేశం వదిలి పారిపోయినప్పుడు. ఆ గోడలు ఒకసారి కాపాడాయి కదా అని ఆవిడ నమ్మకం.

నాకు మొత్తం కథలో జూన్ 16 సోమవారం దగ్గరే మనసు ఆగుతుంది. అంతకు మూడు రోజుల ముందు, 13న, చనిపోయిన రాజుకు ప్రాణస్నేహితుడైన హేస్టింగ్స్ ప్రభువును విచారణ లేకుండా తల నరికించారు. సోమవారం రిచర్డ్ మనుషులు కత్తులూ కర్రలూ పట్టుకుని పడవల్లో నది మీదుగా వెస్ట్‌మినిస్టర్‌కు వచ్చి దిగారు. క్రోలాండ్ మఠం చరిత్రలో ఇది రాసి ఉంది. లోపలికి మాత్రం వృద్ధుడైన కాంటర్‌బరీ ఆర్చిబిషప్ బౌర్చియర్‌ను పంపారు. అన్నకు పట్టాభిషేకం జరుగుతుంటే తమ్ముడు పక్కన లేకపోతే బాగుంటుందా, అన్నది వాదన. బయట ఆయుధాలు, లోపల మర్యాద. తొమ్మిదేళ్ల చిన్న కొడుకు రిచర్డ్‌ను (బాబాయి పేరే) ఆ తల్లి అప్పగించింది. ఆవిడ తెలివితక్కువగా నమ్మిందని కొందరు రాస్తారు. నాకలా అనిపించదు. గుమ్మంలో కత్తులుండగా ఇచ్చే సమ్మతిని ఏ కోర్టూ సమ్మతి కింద లెక్కవేయదు.

జూన్ 22న పట్టాభిషేకం అన్నారు. ఆ రోజు సెయింట్ పాల్స్ దగ్గర ఒక మతాచార్యుడి ప్రసంగం జరిగింది. నాలుగో ఎడ్వర్డ్ ఈ పెళ్లికి ముందే ఇంకొక స్త్రీకి మాట ఇచ్చాడు, కాబట్టి ఈ పెళ్లి చెల్లదు, పిల్లలకు వారసత్వం లేదు అన్నది కొత్త వాదం. 26న రిచర్డ్ గద్దెనెక్కాడు, జూలై 6న కిరీటం పెట్టుకున్నాడు. మధ్యలో 25న రివర్స్ తల, ఆ తల్లికి మొదటి పెళ్లిలో పుట్టిన రిచర్డ్ గ్రే తల పాంట్‌ఫ్రాక్ట్‌లో తెగాయి.

ఇక సాక్షులను బోనెక్కిద్దాం.

మొదటివాడు డొమినిక్ మాన్సినీ, ఇటలీవాడు. ఆ వేసవిలో లండన్‌లోనే ఉండి, జూలైలో వెళ్లిపోయి, డిసెంబరులో అంతా రాసిపెట్టాడు. ఆ రాతప్రతి 1934లో ఫ్రాన్సులోని లీల్ గ్రంథాలయంలో దొరికేవరకూ ఎవరికీ తెలియదు. పిల్లలను టవర్ లోపలి గదుల్లోకి మార్చారని, కిటికీ చువ్వల వెనుక రోజురోజుకూ తక్కువగా కనిపించి చివరికి కనిపించడమే మానేశారని అతను రాశాడు. పెద్దవాడి దగ్గర చివరిదాకా ఉన్న వైద్యుడు ఆర్జెంటైన్ చెప్పిన మాట కూడా అందులోనే ఉంది: బలికి సిద్ధం చేసిన జీవిలా ఆ పిల్లవాడు రోజూ పాపాలు ఒప్పుకుని ప్రాయశ్చిత్తం చేసుకునేవాడట, చావు దగ్గరపడిందని అనుకుని. మాన్సినీ మంచి సాక్షి అని ఎందుకంటున్నానంటే, చంపారని అతను చెప్పడు. అనుమానం ఉందంటాడు, ఎలా పోయారో తేల్చుకోలేకపోయానంటాడు. తనకు తెలిసినంతవరకే చెప్పి ఆగే సాక్షి దొరకడం ఏ వకీలుకైనా అదృష్టం.

రెండోవాడు సర్ థామస్ మోర్. దిండ్లూ పరుపులూ అదిమి ఊపిరాడకుండా చేశారని, మైల్స్ ఫారెస్ట్, జాన్ డైటన్ అనే ఇద్దరు ఆ పని చేశారని, వెనక ఉన్నది సర్ జేమ్స్ టిరెల్ అని, మెట్ల కింద పాతిపెట్టారని పూసగుచ్చినట్టు రాశాడు. మీ గైడు నీకు చెప్పిన కథ అదే. కానీ 1483లో మోర్ వయసు అయిదేళ్లు. రాసింది ముప్ఫై ఏళ్ల తరువాత, రిచర్డ్‌ను ఓడించినవాడి కొడుకు రాజుగా ఉన్నప్పుడు. టిరెల్ ఒప్పుకున్నాడంటాడు, ఆ వాంగ్మూలం కాగితం మాత్రం ఎక్కడా లేదు. టిరెల్‌కు 1502లో మరణశిక్ష పడింది వేరే రాజద్రోహం కేసులో. ఇదంతా వినికిడి సాక్ష్యం. అయితే పూర్తిగా విసిరేయడానికీ లేదు. హడర్స్‌ఫీల్డ్ విశ్వవిద్యాలయం ఆచార్యుడు టిమ్ థార్న్‌టన్ ఈ మధ్య రెండు సంగతులు బయటపెట్టాడు. మైల్స్ ఫారెస్ట్ కొడుకులు మోర్ ఉన్న రాజదర్బారులోనే కొలువు చేశారు. టిరెల్‌కు బంధువైన ఒక లండన్ మహిళ 1516 వీలునామాలో ఐదో ఎడ్వర్డ్‌కు చెందిన గొలుసు ప్రస్తావన ఉంది. మోర్ చెవికి ఆ కథ దగ్గరివాళ్ల నుంచే చేరి ఉండవచ్చు. దగ్గరివాళ్లు చెప్పినంత మాత్రాన నిజమైపోదు, అది వేరే సంగతి.

ఇప్పుడు నా వాదన. హత్య రుజువు కావాలంటే శవం, లేదా దానికి బదులు నిలబడే సాక్ష్యం కావాలి. ఇక్కడ రెండూ లేవు. కాబట్టి "చంపించాడు, అంతే" అన్న నీ తీర్పు అప్పీలులో నిలవదు. కానీ నేను చదువుకున్న 1872 సాక్ష్య చట్టంలో 106వ సెక్షన్ ఒకటి ఉంది. ఇప్పుడు కొత్త చట్టం వచ్చి నంబర్లు మారాయి, సూత్రం అదే: ఒకరికి మాత్రమే తెలిసిన సంగతిని రుజువు చేయాల్సిన భారం వాళ్ల మీదే ఉంటుంది. ఆ పాత చట్టాన్ని రాసింది మీరిప్పుడున్న దేశంవాడే, జేమ్స్ ఫిట్జ్‌జేమ్స్ స్టీఫెన్. పిల్లలు ఎవరి అదుపులో ఉన్నారు? రిచర్డ్ అదుపులో. తాళాలు అతనివి, కాపలా అతనిది. ఆ శరదృతువుకల్లా పిల్లలు పోయారన్న పుకారు దక్షిణ ఇంగ్లండంతా పాకింది, అక్టోబరులో తిరుగుబాటు లేచింది. 1484 జనవరిలో ఫ్రాన్సు చాన్సలర్ టూర్స్ సభలో నిండు ప్రజల ముందు ఆ నేరం ఎత్తి మాట్లాడాడు. పిల్లలు బతికి ఉంటే నోళ్లు మూయించడానికి ఒక్క ఉపాయం చాలు, బయటకు తెచ్చి చూపించడం.

అది ఊహ కాదు, తరువాతి రాజు చేసి చూపించిన పనే. 1487లో లాంబర్ట్ సిమ్నెల్ అనే కుర్రవాణ్ణి ముందు పెట్టుకుని, ఇతనే వార్విక్ ఎర్ల్ అంటూ కొందరు డబ్లిన్‌లో కిరీటం పెట్టారు. అసలు వార్విక్, ఈ పిల్లల ఇంకో బాబాయి కొడుకు, టవర్‌లో తన బందీగానే ఉన్నాడు కాబట్టి ఏడో హెన్రీ అతన్ని బయటకు తెచ్చి లండన్ వీధుల్లోంచి సెయింట్ పాల్స్ దాకా నడిపించాడు. రిచర్డ్ ఆ పని ఎందుకు చేయలేదు? చనిపోయారనైనా ప్రకటించలేదు, జబ్బని చెప్పి అంత్యక్రియలైనా చేయించలేదు. ఆ మౌనమే నా ప్రధాన సాక్ష్యం.

రిచర్డ్ పక్షం వహించేవారి వాదనల్లో ఒకదానికి బలం ఉంది. 1484 మార్చి 1న ఆ తల్లి శరణాలయం విడిచి కూతుళ్లను రిచర్డ్‌కు అప్పగించింది. కొడుకుల హంతకుడికి ఎవరైనా కూతుళ్లనిస్తారా అంటారు. అయితే ఆమె రాయించుకున్న ప్రమాణపత్రం చూడు. ప్రభువులు, మతాధికారులు, లండన్ మేయరు సమక్షంలో రిచర్డ్ ప్రమాణం చేశాడు. కూతుళ్ల ప్రాణానికి హాని ఉండదని, మానభంగం జరగనివ్వనని, లండన్ టవర్‌లో గాని మరే చెరలో గాని పెట్టనని. టవర్ పేరు పెట్టి మరీ రాయించుకుంది తల్లీ! దస్తావేజుల్లో ఏ షరతు ఎందుకు చేరుతుందో నేను చాలా చూశాను. లేని భయం కాగితం మీదికి రాదు. కొడుకుల ఊసు మాత్రం ఆ పత్రంలో ఒక్క మాట లేదు. వాళ్లు క్షేమంగా ఉంటే వాళ్ల కోసం కూడా అడిగేది కదా. ఆశ వదులుకున్న తల్లి, మిగిలిన అయిదుగురి కోసం బేరమాడింది. నా చదువుకు అందిన అర్థం ఇది.

నీకు హెన్రీ మీద అనుమానం రావచ్చు, చాలామందికి వచ్చింది. 1485లో బాస్‌వర్త్‌లో రిచర్డ్‌ను చంపి, మరుసటి జనవరిలో ఈ పిల్లల అక్కను పెళ్లాడి, పిల్లలు ఎలా పోయారో అతనూ విచారించి చెప్పలేదు. దానికి అతనూ జవాబుదారే. కానీ బాస్‌వర్త్‌కు ముందు తాళాలు అతని చేతిలో లేవు. ఇక మన చట్టం ప్రకారం ఏడేళ్లు జాడ లేకపోతే పోయినట్టు భావించవచ్చు. 1490కి ఆ గడువు నిండింది. మరుసటి ఏడే, 1491లో, ఐర్లండ్‌లోని కార్క్‌లో పట్టుబట్టల కుర్రవాడు పెర్కిన్ వార్‌బెక్ దిగాడు, చివరికి తానే చిన్న రిచర్డ్‌నన్నాడు. మేనత్త మార్గరెట్ ఒప్పుకుంది, స్కాట్లండ్ రాజు పిల్లనిచ్చి పెళ్లి చేయించాడు. 1499లో ఉరి తీశారు. లెస్టర్‌లో బాబాయి రిచర్డ్ అస్థిపంజరం వెతికించిన ఫిలిప్పా లాంగ్లీ 2023లో లీల్ నుంచి 1487 నాటి ఒక రసీదు చూపించింది. మార్గరెట్ మేనల్లుడి కోసం 400 బల్లేలు కొన్నట్టు, అతను ఎడ్వర్డ్ రాజు కొడుకైనట్టు అందులో ఉంది. మేనత్త అలా చెప్పుకుందనడానికి అది సాక్ష్యం. ఆ కుర్రవాడు ఎవరనడానికి కాదు.

మిగిలింది ఎముకలు. 1674లో వైట్ టవర్ దగ్గర మెట్లు పడగొడుతుంటే పదడుగుల లోతున చెక్కపెట్టెలో ఇద్దరు పిల్లల ఎముకలు దొరికాయి. రెండో చార్లెస్ వాటిని వెస్ట్‌మినిస్టర్ అబ్బేకి చేర్పించాడు, పాలరాతి కలశం గీసింది క్రిస్టఫర్ రెన్. 1933లో ఒకసారి తెరిచి చూసి వయసులు దగ్గరదగ్గరగా సరిపోయాయన్నారు. ఆడపిల్లలో మగపిల్లలో, ఏ శతాబ్దం వాళ్లో అప్పుడు తేల్చలేకపోయారు. జంతువుల ఎముకలు కూడా కలిసి ఉన్నాయి. రిచర్డ్ ఎముకలను గుర్తించింది తల్లివైపు నుంచి వచ్చే డీఎన్ఏతోనే. అదే పరీక్ష వీటికీ చేయవచ్చు, అబ్బే ఒప్పుకోలేదు. చేసినా ఒకటే తేలుతుంది, ఆ పిల్లలేనా కాదా అన్నది. ఎవరు ఆజ్ఞ ఇచ్చారో ఎముక చెప్పదు.

వచ్చే నెల అబ్బే చూస్తానన్నావు. ఏడో హెన్రీ చాపెల్‌లో ఉత్తరం వైపు నడవలో, మొదటి ఎలిజబెత్ సమాధి దాటాక ఆ కలశం ఉంటుంది. దాని మీద లాటిన్‌లో ఒక శాసనం ఉంది, ద్రోహి అయిన బాబాయి ఆజ్ఞతో దిండ్లు అదిమి చంపారని. రాతిలో చెక్కారు కాబట్టి గంభీరంగానే ఉంటుంది. ఇంగ్లీషు అనువాదం సంపాదించి ఒక్కొక్క వాక్యం చదువు. ఏది అడ్డుప్రశ్నకు నిలుస్తుందో, ఏది మోర్‌గారి నోటి నుంచి వచ్చి రాయి మీద కూర్చుందో గుర్తు పెట్టి నాకు పంపు. ఈసారి "అంతేగా" అని రాస్తే మాత్రం వాయిదా వేస్తాను.

మీ అమ్మ అడిగినట్టు చెప్పమంది. స్వెట్టరు వేసుకుంటున్నావా అన్నది ఆమె ప్రశ్న, నాది కాదు.

ఇట్లు,
మీ నాన్న