సంఘ కార్యదర్శి అయిన మిత్రుడికి

ప్రియ మిత్రమా, వందనాలు.

నీ ఉత్తరం అందింది. సంఘ కార్యదర్శిగా ఎన్నికైనందుకు అభినందించాలో, సానుభూతి తెలపాలో తేల్చుకోలేకపోయాను. ఆరాధన ముగిశాక కుర్చీలు సర్దించడం మొదలుకొని సమాధుల తోటలో స్థలం కోసం వచ్చే తగాదాల వరకు అన్నీ నీ మెడకే చుట్టుకున్నాయని, అయినా అలసట పని వల్ల కాదు, మనుషుల మాటల వల్లనే వస్తోందని రాశావు. నాకు తోచినది చెబుతాను, విసుక్కోకుండా చదువు. ఇతరులకు సేవ చేసేవాడి చేతికి, అతడు కోరినా కోరకపోయినా, ఒక అధికారం వస్తుంది. ఎవరికి ముందు ఇవ్వాలి, ఎవరికి ఎంత ఇవ్వాలి, ఎవరికి లేదనాలి అన్నది అతడే నిర్ణయిస్తాడు. శ్రమకు ఓర్చేవారికి మన సంఘాల్లో ఎన్నడూ కొరత లేదు. ఈ అధికారాన్ని ఏం చేసుకోవాలో తెలిసినవారే తక్కువ.

క్రిస్మసుకు విధవరాండ్రకు చీరలు పంచే జాబితా మీద మొదలైన గొడవను నీవు రెండు పేజీల నిండా వర్ణించావు. వడ్డించేవాడు మనవాడైతే కడబంతిలో కూర్చున్నా ఫరవాలేదన్న సామెత ఊరికే పుట్టలేదు. నిన్ను అనుమానించినవారి మీద నాకు కోపం రావడం లేదు, ఎందుకంటే ఇలాంటి అనుమానం తొలి సంఘంలోనే పుట్టింది. బైబిలులో అపొస్తలుల కార్యములు ఆరో అధ్యాయం మరోసారి తీసి చూడు. అనుదిన పరిచర్యలో, అంటే రోజూ ఆహారం పంచడంలో, తమ విధవరాండ్రను చిన్నచూపు చూశారని గ్రీకు భాష మాట్లాడే యూదులు సణిగినప్పుడు, అపొస్తలులు తమ నిజాయితీని నిరూపించుకోవడానికి కూర్చోలేదు. ఏడుగురిని ఏర్పరచుకొమ్మని సమూహానికే అప్పగించారు. స్తెఫను, ఫిలిప్పు, ప్రొకొరు, నీకానోరు, తీమోను, పర్మెనాసు, నీకొలాసు అనే ఆ ఏడు పేర్లూ గ్రీకు పేర్లే. అంటే అన్యాయం జరిగిందన్న పక్షానికి చెందినవారి చేతికే గరిటె వెళ్ళిందని అనుకోవచ్చు. మన కమిటీల్లో ఫిర్యాదు చేసినవాడిని మళ్ళీ ఎన్నికల్లో నిలబడనివ్వని సంప్రదాయంతో దీన్ని పోల్చి చూసుకో!

2024 సెప్టెంబరు మొదటి రోజుల్లో బుడమేరు పొంగి విజయవాడ సింగ్ నగర్ మునిగినప్పుడు, మా సంఘ యువకులతో కలిసి నేను కూడా పొట్లాలు పట్టుకొని వెళ్ళాను. మెయిన్ రోడ్డు దగ్గరున్న ఇళ్ళకు పూటకు రెండు మూడు బృందాలు పులిహోర ఇచ్చి వెళ్తుంటే, లోపలి సందుల్లో మేడల మీద చిక్కుకున్నవారికి మంచినీళ్ళు కూడా అందలేదు. చంటిపిల్లలకు పాలు, పెద్దవాళ్ళకు బీపీ మాత్రలు కావాలని అడుగుతున్నా మనం మాత్రం తెచ్చినదే ఇస్తాం, ఎందుకంటే దాతలు డబ్బిచ్చింది దానికి. ఒక పెద్దావిడ పొట్లం అందుకుంటూ, "ముందు ఆ ఫోను లోపల పెట్టండి బాబూ" అన్నారు. ఫోటో పంపకపోతే వచ్చేసారి చందాలు రావని మా కుర్రవాడు వాదించాడు. అతడి మాటలో నిజం లేకపోలేదు, అయినా ఆవిడదే న్యాయం. చివరికి సందులన్నీ తెలిసిన అక్కడి ఆడవాళ్ళే పడవలో కూర్చొని ఎటు వెళ్ళాలో చెప్పడం మొదలుపెట్టిన తరువాతే మేము తెచ్చినవి కావలసినవారికి చేరాయి.

ఈ విషయంలో నేను ఎక్కువగా తలచుకొనేది మన ఒంగోలు చరిత్రనే. అమెరికన్ బాప్టిస్టు మిషనరీ జాన్ ఎవరెట్ క్లౌ గురించి మన పెద్దలు చెప్పినప్పుడల్లా 1878 జూలై 3న వెల్లంపల్లి దగ్గర గుండ్లకమ్మలో ఒక్కరోజే 2,222 మందికి బాప్తిస్మం జరిగిందన్న లెక్కతో మొదలుపెట్టి అక్కడే ఆపేవారు. నాకు మాత్రం ఆ తేదీకి ముందు జరిగిన కథే గొప్పదిగా కనిపిస్తుంది. 1876-78 కరువులో బకింగ్‌హాం కాలువ తవ్వకం కరువు పనిగా సాగుతున్నప్పుడు, మాదిగ కూలీలను మేస్త్రీలు హీనంగా చూస్తున్నారని, చేసిన పనికి కూలి సరిగా అందడం లేదని తెలిసి, ఆయన మూడు మైళ్ళకు పైబడిన భాగాన్ని తానే కాంట్రాక్టుకు తీసుకొని తన బోధకులను మేస్త్రీలుగా పెట్టాడు. ఊరికే అన్నం పెట్టకుండా పని చూపించి కూలి ఇచ్చాడు. అంతకన్నా కష్టమైన నిర్ణయం మరొకటి తీసుకున్నాడు. కరువు నడిచినంత కాలం, ఎంతమంది అడిగినా బాప్తిస్మాలు ఆపివేశాడు. ఆకలితో ఉన్నవాడు చెప్పే సమ్మతిని సమ్మతిగా లెక్కపెట్టకూడదని ఆయనకు తెలుసు. సహాయం ముగిసిందని చెప్పిన తరువాత కూడా బాప్తిస్మం కోసం వచ్చినవారు, తమకు సహాయం అక్కర లేదని, కష్టపడి పని చేశామనడానికి చేతుల మీది బొబ్బలే సాక్ష్యమని చెప్పారని ఆ మిషను చరిత్రలో ఉంది. అన్నం కోసం మతం మారారన్న నింద ఆ తరువాత కూడా తప్పలేదు. కానీ చేతిలో ధాన్యం ఉన్నవాడు తన పలుకుబడిని తానే అదుపులో పెట్టుకోవడం అరుదు. సభ్యుల సంఖ్య పెరగాలని నివేదికలు అడిగే రోజుల్లో మరీ అరుదు.

ఆఫీసు సంగతి కూడా అడిగావు కదా. మా బ్యాంకులో నవంబరు వచ్చిందంటే పెన్షనర్లు జీవన ప్రమాణ పత్రం కోసం బారులు తీరుతారు. జీవితమంతా కష్టపడిన వేళ్ళ మీద గీతలు అరిగిపోయి యంత్రం వేలిముద్ర తీసుకోదు. మా సహోద్యోగిని ఒకామె ఒక్కొక్కరి చేయి తుడిచి, వేలు మార్చి మార్చి పెట్టించి, కుదరకపోతే కాగితం మీద పత్రం నింపించి పంపుతుంది. వరుసలో వెనుక ఉన్నవారు ఆమెనే తిడతారు. పై అధికారి అడిగేది ఎన్ని బీమా పాలసీలు చేయించావని మాత్రమే, ఈ పనికి పట్టికలో గడి కూడా లేదు. ఇంకా విచిత్రం, ఆమె కాదనదని తెలిసి తక్కినవారు తమ కౌంటరుకు వచ్చిన ముసలివాళ్ళను కూడా అటే పంపిస్తారు. ఆమె మంచితనాన్ని అందరూ పొగుడుతాం, పనిని మాత్రం పంచుకోం. ఈమధ్య ఆమె మేనేజరు గారిని కలిసి, ఈ పనికి రోజుకొకరు చొప్పున వంతులు వేయాలని గట్టిగా అడిగింది. వంతులు వేశారు. "ఆమెలో మునుపటి సేవాభావం లేదు" అని కొందరు గొణిగారు కూడా. ఆ గొణిగినవారిలో ఎవరూ అంతకు ముందు ఒక్క వేలూ తుడిచినవారు కాదు.

నీ విషయంలో కూడా నాకున్న బెంగ ఇదే. చెల్లెమ్మ ఫోనులో మాట్లాడినప్పుడు, రాత్రి పదింటికి కూడా ఇంటికి ఎవరో ఒకరు వస్తూనే ఉన్నారని నవ్వుతూనే చెప్పింది, కానీ ఆ నవ్వు నాకు నచ్చలేదు. అన్నీ నీవే చేస్తే రెండు నష్టాలున్నాయి. నీ ఆరోగ్యం పోతుంది, అది ఒకటి. నీవు లేకపోతే సంఘం నడవదన్న భ్రమ నీకూ వారికీ కలుగుతుంది, అది రెండోది, దాన్ని వదిలించుకోవడం ఇంకా కష్టం. పాస్టరు గారితో ఒకసారి కూర్చొని, తాళాలు, ఖాతా పుస్తకం, చీరల జాబితా ఈ మూడూ మూడు వేర్వేరు చేతుల్లో ఉండేలా చూడు.

జాబితా మాత్రం స్త్రీల సమాజానికే అప్పగించు. నీ మీద గట్టిగా అరిచిన ఆ పెద్దమ్మగారిని అందులో తప్పక ఉండమని అడుగు. ఆవిడ కాదంటే ఏమంటారో నాకు రాయి. జనవరిలో మీ సర్వసభ్య సమావేశానికి నేను హైదరాబాదు వచ్చే వీలుంది. సెలవు దొరికితే ముందురోజు రాత్రికే చేరుకొని ఖాతాలు సరిచూడడంలో నీకు తోడుంటాను. చెల్లెమ్మకు, పిల్లలకు నా వందనాలు చెప్పు.

ఇట్లు,
నీ స్నేహితుడు