పందుల వేటకి వచ్చేముందు ఇది చదువు మామా

ఒరేయ్ మామా,

నీ మెసేజ్ చూశాను. చీకట్లో కూడా కనిపించేలా తుపాకీకి తగిలించే నైట్ విజన్ స్కోప్ కొనొచ్చా, దాన్ని పట్టుకుని మా టెక్సాస్‌కి పందుల వేటకి రావొచ్చా, ఇండియా వెళ్ళేటప్పుడు మీ చిన్నాన్నకి ఒకటి పట్టుకెళ్ళొచ్చా అని మూడూ ఒక్క లైన్లో అడిగేశావు. వాట్సాప్‌లో జవాబిస్తే సగం చదివి వదిలేస్తావని తీరిగ్గా ఉత్తరమే రాస్తున్నా.

ఆ చివరి ప్రశ్నే నాకు టెన్షన్ పెట్టింది కాబట్టి ముందు దాని సంగతి. వద్దురా. సూట్‌కేసులో చీరల మధ్య పెట్టేస్తే ఎవరు చూస్తారు అనుకోకు. ఈ దేశంలో నైట్ విజన్ కొనకూడదని ఫెడరల్ చట్టం ఏదీ లేదు కానీ, దేశం దాటించడం మాత్రం పూర్తిగా వేరే కథ. మంచి రకం స్కోప్‌లు ఐటార్ అనే ఆయుధాల ఎగుమతి నిబంధనల కింద స్టేట్ డిపార్ట్‌మెంట్ చేతిలో ఉంటాయి, మిగతావి చాలావరకు కామర్స్ డిపార్ట్‌మెంట్ చూస్తుంది. ఐటార్ కిందికొచ్చే వస్తువుని లైసెన్స్ లేకుండా, తెలిసి తెలిసి బయటికి పంపితే ఒక్కో నేరానికి పది లక్షల డాలర్ల దాకా జరిమానా, 20 ఏళ్ళ దాకా జైలు. 2007లో ఐటీటీ అనే పెద్ద కంపెనీ నైట్ విజన్ టెక్నాలజీ వివరాలు చైనా, సింగపూర్, బ్రిటన్‌లకి చేరవేసిన కేసులో నేరం ఒప్పుకుని 10 కోట్ల డాలర్లు కట్టింది. సైన్యానికి కళ్ళద్దాలు చేసిచ్చే కంపెనీకే దిక్కు లేదు, నీ హెచ్-1బి ఉద్యోగ వీసా ఎంతసేపు నిలుస్తుంది?

పోనీ ఎలాగో చేరిందనుకో, చిన్నాన్న దాంతో ఏం చేస్తాడు? అక్కడ అడవిపంది వన్యప్రాణి సంరక్షణ చట్టం కిందికి వస్తుంది. అనుమతి లేకుండా కొడితే కేసే. వేరుశనగ చేలో మంచె మీద రాత్రంతా డబ్బా కొట్టుకుంటూ కూర్చునే మనిషి బాధ నాకు తెలుసు, పోయినసారి వెళ్ళినప్పుడు చూశాను. అయినా ఈ స్కోప్ ఆయనకి పనికొచ్చే వస్తువు కాదు. కరెంటు తీగ పెట్టొద్దని మాత్రం గట్టిగా చెప్పు, దానివల్ల మనుషులు పోతున్నారు. సోలార్ కంచెకి నేనూ కొంత డబ్బు వేస్తాను.

ఇక నువ్వు కొనే విషయం. నువ్వుండేది కాలిఫోర్నియాలో, అక్కడే తిరకాసు. వాళ్ళ పీనల్ కోడ్‌లో 468 అని ఒక సెక్షన్ ఉంది. 'స్నైపర్‌స్కోప్' కొన్నా, అమ్మినా, దగ్గర ఉంచుకున్నా ఏడాది దాకా కౌంటీ జైలు, వెయ్యి డాలర్ల దాకా జరిమానా, లేదా రెండూ. స్నైపర్‌స్కోప్ అంటే తుపాకీకి తగిలించడానికి వీలుండి, ఇన్‌ఫ్రారెడ్ వెలుగుని తానే ముందుకి విసిరి, ఆ వెలుగులో చీకట్లోని వస్తువుల్ని చూపించే పరికరం అని అందులోనే రాశారు. ఇది 1945లో ఒకినావా యుద్ధంలో అమెరికా సైనికులు వీపున బ్యాటరీ మోసుకుంటూ వాడిన పరికరం వర్ణన! ఇప్పుడు వస్తున్న ఖరీదైన మూడో తరం ట్యూబు స్కోప్‌లు (లోపల కాంతిని పెంచే గొట్టం ఉండేవి) ఏ వెలుగూ విసరవు, ఉన్న నక్షత్రాల కాంతినే పెంచి చూపిస్తాయి. థర్మల్ రకం స్కోప్‌కి ఆ కాంతి కూడా అక్కర్లేదు, ఒంటి వేడి చాలు. అంటే వేల డాలర్ల సరుకు ఆ మాటల్లోకి రాదు, నువ్వు ఆన్‌లైన్‌లో చూసి మురిసిపోయిన ఐదారు వందల డాలర్ల డిజిటల్ స్కోప్, పక్కన ఇన్‌ఫ్రారెడ్ టార్చ్ ఉంది కాబట్టి, సరిగ్గా అందులో పడుతుంది. డబ్బున్నవాడికో న్యాయం అంటే ఇదే. అయితే ఆ డబ్బున్నవాడు కూడా కాలిఫోర్నియాలో ట్యూబు స్కోప్ పెట్టుకుని వేటాడలేడులే, వాళ్ళ వేట చట్టం ఫిష్ అండ్ గేమ్ కోడ్‌లోని 2005వ సెక్షన్ అడ్డం పడుతుంది.

ఇంకోటి. మూడో తరం స్కోప్‌లు అమ్మేవాళ్ళు చాలామంది సిటిజన్‌వా, గ్రీన్ కార్డా అని అడిగి సంతకం పెట్టించుకుంటారు. నీ దగ్గర రెండూ లేవు. నీ గ్రీన్ కార్డు క్యూ ఎంత పొడవుందో నాకంటే నీకే బాగా తెలుసు.

మా వైపు సంగతి వేరు. టెక్సాస్‌లో అడవిపందులు 26 లక్షలకు పైనే ఉంటాయని అంచనా. ఒక మంద రాత్రి పచ్చికలో పడితే తెల్లారేసరికి నాగలి కట్టి దున్నినట్టు ఉంటుంది. అందుకే ఇక్కడ వాటి మీద ఎవరికీ జాలి లేదు. సొంతదారు ఒప్పుకుంటే ప్రైవేట్ భూమిలో రాత్రిళ్ళు కూడా, నైట్ విజన్‌తోనో థర్మల్‌తోనో కొట్టొచ్చు. 2011లో చట్టం చేసి హెలికాప్టర్ నుంచి కాల్చడానికి కూడా దారి తెరిచారు, నమ్ముతావా! జింక మాత్రం అలా కాదు. సూర్యోదయానికి అరగంట ముందు నుంచి సూర్యాస్తమయం తర్వాత అరగంట దాకానే. రాత్రి స్కోప్‌లో జింక కనిపిస్తే చూసి ఆనందించడమే. పక్క రాష్ట్రాల్లో కూడా ఇలాగే ఉంటుందనుకోకు. ఒకచోట ఏ జంతువుకి సరే అన్నారో ఇంకోచోట దానికే కాదంటారు. పెన్సిల్వేనియా వాళ్ళు నక్కలు, కొయొటీల్లాంటి (తోడేలు జాతి చిన్న జంతువులు) వాటికి 2021లో గానీ ఒప్పుకోలేదు.

ఇప్పుడు అసలు ముడి. 2019 సెప్టెంబర్ 1 నుంచి టెక్సాస్‌లో ప్రైవేట్ భూమిలో పందులు కొట్టడానికి హంటింగ్ లైసెన్స్ అక్కర్లేదు. ఇక్కడ మన తెలుగువాళ్ళు పార్టీల్లో ఈ ముక్క ఒక్కటే చెప్పుకుంటారు. కానీ హెచ్-1బి మీద ఉన్నవాడు తుపాకీ గానీ తూటా గానీ దగ్గర ఉంచుకోవడమే ఫెడరల్ నేరం. దానికున్న మినహాయింపుల్లో నీకు కలిసొచ్చేది ఏదో ఒక రాష్ట్రం ఇచ్చిన, గడువు దాటని హంటింగ్ లైసెన్స్. అంటే పందికి అక్కర్లేని లైసెన్స్ నీకు కావాలి! అది జేబులో లేకుండా 'ఒక్కసారి పట్టుకో, ఫోటో తీస్తా' అని ఎవరన్నా రైఫిల్ చేతికిస్తే తీసుకోకు. నేనిచ్చినా తీసుకోకు.

ఆ లైసెన్స్‌తో పాటు హంటర్ ఎడ్యుకేషన్ కోర్సు కూడా ఉండాలి. 1971 సెప్టెంబర్ 2న గానీ ఆ తర్వాత గానీ పుట్టినవాళ్ళందరికీ తప్పదు. తీరిక లేకపోతే 10 డాలర్లు కట్టి ఒక్కసారి వాయిదా వేసుకోవచ్చు, కానీ కోర్సు చేసిన లైసెన్స్‌దారు పక్కనుండాలి. నేనున్నాను కాబట్టి ఫర్వాలేదు, అయినా కోర్సే చెయ్యి. ఆన్‌లైన్‌లో అయిపోతుంది, తుపాకీ మూతి ఎటు ఉంచాలో తెలిసినవాడి పక్కన నడవడం నాకూ మనశ్శాంతి.

స్కోప్ నువ్వు కొనకు, అదే నా మాట. మనం వేటకి వెళ్ళే రాంచ్ సొంతదారు దగ్గర థర్మల్ ఉంది. ఆయన ముసలాయన, మాట పడడు, కానీ కాఫీ మాత్రం భలే పెడతాడు. రాత్రి కాల్పులు వినిపిస్తే చుట్టుపక్కలవాళ్ళు కంగారుపడి ఫోన్లు చేస్తారని వేట నిబంధనలు చూసే అధికారి గేమ్ వార్డెన్‌కి ముందే కబురు పెడతాడు. పొడుగు బూట్లు తెచ్చుకో, అక్కడ రాటిల్ స్నేక్‌లనే విషప్పాములు ఉంటాయి. మా ఆవిడ పందిమాంసం ఇంట్లోకి రానివ్వనంది, కాబట్టి వంట బయట గ్యారేజీ దగ్గరే.

లైసెన్స్ చేతికొచ్చాక ఫోన్ చెయ్యి, అప్పుడు ఫ్లైట్ టికెట్ చూద్దాం. పిన్నిని అడిగానని చెప్పు.

నీ
మామ