నవ్వించే నటుడికి ఏడిపించే పాత్ర దక్కదా?

సంపాదకులకు నమస్కారం.

హాస్యనటులను గురించి రాసేటప్పుడు మన పత్రికలు సినిమా తారల దగ్గరే ఆగిపోతున్నాయి. డెన్మార్క్ నటుడు డిర్క్ పాసర్ (1926–1980) వంటి రంగస్థల విదూషకుల జీవితాలను కూడా మీ ఆదివారం అనుబంధంలో పరిచయం చేయాలని మనవి.

పొడగరి, ఎర్రజుట్టు మనిషి అయిన పాసర్ సుమారు 90 సినిమాల్లో నటించినా, ఆయన అసలు బలం వేదికమీదే ఉండేది. విదూషక వేషంలో రష్యన్‌లా వినిపించే అర్థంలేని మాటలను గంభీరంగా పలుకుతూ, ఒక్క వాక్యమూ బోధపడని ప్రేక్షకులను పొట్టచెక్కలయ్యేలా నవ్వించేవాడు. జంటగా నటించిన క్యెల్ పీటర్సన్ 1962లో మరణించాక, కొన్నేళ్లపాటు ఆ తరహా ప్రదర్శనలకు దూరమయ్యాడు. అమెరికన్ రచయిత స్టైన్‌బెక్ రచన ఆధారంగా వచ్చిన నాటకంలో లెనీ అనే విషాద పాత్ర ధరించినా, జనం గుర్తుంచుకున్నది మాత్రం విదూషకుణ్నే; ఇది నటుడి లోపం కాదనీ, చూసేవారి అలవాటనీ నా అభిప్రాయం. 1980 సెప్టెంబర్ 3న కోపెన్‌హాగెన్‌లోని టివోలి వినోద ఉద్యానవనంలో, ప్రదర్శనకు ముందు, వేషంలోనే కుప్పకూలి కన్నుమూశాడు. ఆయన జీవితంపై 2011లో సినిమా కూడా వచ్చింది.

మిమిక్రీ కళాకారుడు నేరెళ్ల వేణుమాధవ్ గొంతును విని పెరిగిన ఓరుగల్లువారికి ఇటువంటి కళ కొత్తది కాదు. అయితే తెలంగాణ జానపద నాటకమైన చిందు భాగవతంలో బుడ్డర్‌ఖాన్ అనే హాస్య వేషం కట్టేవారిని, మరో పాత్ర వేయాలని ఎప్పుడైనా అనిపించిందా అని అడిగినవారు అరుదు. (వేషం విప్పాక వారిని పలకరించేవారే తక్కువ.) పాసర్‌పై వ్యాసంతో పాటు, మన జిల్లాల్లోని అటువంటి కళాకారులతో ముఖాముఖిని కూడా ప్రచురించాలని కోరుతున్నాను.

— ఒక పాఠకుడు, హనుమకొండ