పిస్టల్ మ్యాగజైన్ అమరిందని సరిపెట్టుకోకూడదు

సంపాదకుల వారికి,

అయ్యా! అమెరికాలో చవకైన పాలిమర్ (గట్టి ప్లాస్టిక్) పిస్టళ్ల గురించి మీరు ప్రచురించిన వ్యాసంలో, గ్లాక్ కంపెనీ నమూనాలో చేసిన పిస్టల్ ఏదైనా సరే, దానికి గ్లాక్ మ్యాగజైన్లన్నీ (తూటాలు నింపి పిడిలోకి ఎక్కించే పెట్టెలు) సరిపోతాయని రాశారు. ఇక్కడ స్థిరపడి, చట్టప్రకారం ఆయుధం కొనుక్కునే తెలుగువారు ఆ మాట నమ్మి డబ్బు పోగొట్టుకోకూడదనే ఈ లేఖ.

పొట్టి పిడి ఉన్న గ్లాక్ 19 మోడల్‌లో, అంతకన్నా పెద్దదైన గ్లాక్ 17 మోడల్ మ్యాగజైన్ పడుతుంది. 17 తూటాలు పట్టే ఆ మ్యాగజైన్ అడుగున కొంచెం బయటికి పొడుచుకు వచ్చినా పని చేస్తుంది. గ్లాక్ 17లో మాత్రం 15 తూటాల గ్లాక్ 19 మ్యాగజైన్ పొట్టిదై, దాన్ని లోపల పట్టి ఉంచే గొళ్లెం దాకా అందదు. పామెటో స్టేట్ ఆర్మరీ అనే అమెరికా కంపెనీ వారి కాంపాక్ట్ డాగర్ పిస్టల్ మూడో తరం (మూడోసారి మార్చి చేసిన) గ్లాక్ 19 కొలతల్లోనిదే కనుక అక్కడా ఇదే లెక్క.

తరాల తేడా ఇంకా ముఖ్యం. నాలుగో తరం నుంచి, మ్యాగజైన్‌ను వదిలే మీటను ఎడమచేతివాటం వారి కోసం రెండో వైపుకు మార్చుకోవచ్చు; అలా మార్చాక, గొళ్లెం పట్టుకునే గాడి ఒకే వైపు ఉన్న పాత మ్యాగజైన్ లోపలికి వెళ్తుంది గానీ నిలవదు. పాత వాడుక మ్యాగజైన్లు చవకగా కొనేవారు ముందు ఆ గాడినే చూడాలి. గ్లాక్ సొంత మ్యాగజైన్లకు ప్లాస్టిక్ లోపల ఉక్కు తొడుగు ఉంటుంది, మ్యాగ్‌పుల్ అనే వేరే కంపెనీ వారి వాటికి ఉండదు.

పిస్టల్ ఖాళీగా ఉందని రెండుసార్లు చూసుకున్నాకే ఖాళీ మ్యాగజైన్ ఎక్కించి, మీట నొక్కితే తనంతట జారి పడుతుందో లేదో, మ్యాగజైన్ లోపల ఉండగా స్లైడ్ (పిస్టల్ పైన జరిగే భాగం) వెనక్కి లాగితే అక్కడే ఆగుతుందో లేదో చూడాలి. ఆత్మరక్షణకు నమ్ముకునే ముందు ప్రతి మ్యాగజైన్‌తోనూ ఫైరింగ్ రేంజిలో తూటాలు పేల్చి చూడడం తప్పనిసరి. ఈ సవరణను వచ్చే సంచికలో ప్రచురించగలరని కోరుతున్నాను.

ఇట్లు,
ఒక పాఠకుడు, టెక్సస్