కనుమ నాడు మా అమ్మకు ఇన్సులిన్ అందేలా చూసిన వారికి కృతజ్ఞతలు

ఈ ఏడాది కనుమ పండుగ నాడు మా అమ్మకు వేళకు ఇన్సులిన్ అందేలా చూసిన నలుగురికి మా కుటుంబం తరఫున బహిరంగంగా కృతజ్ఞతలు తెలుపుకుంటున్నాను. వారిలో ఒకరు అమలాపురంలో మందుల షాపు నడుపుతున్న ఫార్మసిస్టు గారు, ఒకరు మా ఊళ్లోనే స్థిరపడిన రిటైర్డ్ స్టాఫ్ నర్సు గారు, ఒకరు ఆటో నడిపే తమ్ముడు, మరొకరు పండుగ భోజనం మధ్యలో లేచి ఫోను ఎత్తిన హైదరాబాదు డాక్టరు గారు. తన పేరు ఎక్కడా రాయవద్దని ఫార్మసిస్టు గారు గట్టిగా చెప్పారు కాబట్టి మిగిలిన వారి పేర్లు కూడా రాయడం లేదు. సెలవు రోజున షాపు తెరిచినందుకు మాత్రమే అయితే రెండు వాక్యాలతో సరిపోయేది. మేము అడిగినదేదో చేతిలో పెట్టి పంపించకుండా ఆయన అడిగిన ఒక్క ప్రశ్న వల్ల మాకు ఎంత ప్రమాదం తప్పిందో ఇంట్లో ఇన్సులిన్ వాడే వారందరికీ తెలియాలన్న ఉద్దేశంతో కాస్త వివరంగా రాస్తున్నాను.

పండుగకు మేమందరం హైదరాబాదు నుంచి అంబాజీపేట దగ్గర ఉన్న మా ఊరికి వెళ్లాము. అమ్మకు చాలా ఏళ్లుగా షుగరు ఉంది. ఉదయం టిఫినుకు ముందు, రాత్రి భోజనానికి ముందు 30/70 మిక్స్‌డ్ ఇన్సులిన్ (త్వరగా పనిచేసేది 30, నెమ్మదిగా పనిచేసేది 70 పాళ్లలో కలిపినది) పెన్నుతో తీసుకుంటుంది. కనుమ నాటి ఉదయం డోసు అయిన తరువాత, పిల్లల పరుగుల్లో ఆ పెన్ను బావి గట్టు మీద పడింది. లోపలి గాజు రీఫిల్ పగిలిపోవడమే కాకుండా మందును నెట్టే మీట కూడా విరిగిపోయింది. ఫ్రిజ్‌లో రెండు కొత్త రీఫిల్స్ ఉన్నాయి గాని, పెన్ను లేకుండా వాటితో ఏమీ చేయలేము. ఒక కంపెనీ రీఫిల్ మరో కంపెనీ పెన్నులో సరిగా పట్టదు కాబట్టి ఎవరినైనా అడిగి తెచ్చుకుందామన్నా అదే రకం పెన్ను దొరకాలి. రాత్రి డోసుకు ఇంకా చాలా వ్యవధి ఉండడం ఒక్కటే అప్పటికి మాకున్న ధైర్యం.

కనుమ నాడు కాకి కూడా కదలదన్న మాట మా వైపు వారికి కొత్త కాదు. అయితే అంబాజీపేట పరిసరాల్లో కనుమ నాడు ఇళ్లు కదలవు గాని జనం మొత్తం కదులుతారు. మొసలపల్లి జగ్గన్నతోటలో ఏకాదశ రుద్రుల ప్రభల తీర్థం ఆ రోజే జరుగుతుంది. చుట్టుపక్కల ఊళ్ల నుంచి భుజాల మీద మోసుకొచ్చే ప్రభల (వెదురుతో కట్టి, రంగు గుడ్డలతో అలంకరించి, దేవుడిని నిలిపే ఎత్తైన చట్రాలు) కోసం రోడ్లన్నీ నిండిపోతాయి. మా ఊరి మెడికల్ షాపు షట్టరు మీద రాసి ఉన్న నంబరుకు ఫోను చేస్తే మోగుతూనే ఉంది. డప్పుల మోతలో, జన సందోహంలో ఆయనకు ఆ ఫోను వినిపించి ఉండదు, అందులో ఆయన తప్పు కూడా ఏమీ లేదు. పెద్ద ఊరి సెంటర్లో ఒక షాపు సగం తెరిచి ఉంది గాని ఫార్మసిస్టు లేరు, కౌంటరులో ఒక కుర్రవాడు మాత్రం కూర్చుని ఉన్నాడు. పెన్నులు లేవని చెప్పి, "పెన్ను లేకపోతే ఏముందండీ, రీఫిల్లోంచి సిరంజీతో లాగి పొడిచెయ్యండి, మందు మందేగా" అంటూ నాలుగు ఇన్సులిన్ సిరంజీలు కవర్లో వేసి ఇచ్చాడు. దొరికినది అదొక్కటే కాబట్టి వాటినే తీసుకుని ఇంటికి వచ్చాము.

నర్సు గారు మా ఇంటికి రెండు ఇళ్ల అవతల ఉంటారు. గారెల పిండి రుబ్బుతున్న చేతులు కడుక్కుని వచ్చి, ఆ సిరంజీలను, రీఫిల్ పెట్టెను పక్కపక్కన పెట్టి చూసి, ఆవిడ వెంటనే సూది గుచ్చనివ్వలేదు. "నా సర్వీసంతా వయల్ ఇన్సులిన్‌తోనే, అంటే సీసాల్లో వచ్చేదానితోనే, గడిచిందమ్మా, రీఫిల్లో మందు చిక్కదనం వేరని విన్నాను, అడక్కుండా వెయ్యకూడదు" అని చెప్పి, తనకు ఎన్నో ఏళ్లుగా తెలిసిన అమలాపురం ఫార్మసిస్టు గారికి ఫోను చేశారు. సాయంత్రానికి ఏ ఏర్పాటూ కాకపోతే అమ్మను నేరుగా అమలాపురం ఏరియా ఆసుపత్రి క్యాజువాల్టీకి తీసుకువెళ్దామని, డోసు మానేసి తెల్లవారే వరకు ఆగే మాట మాత్రం లేదని కూడా అప్పుడే తేల్చి చెప్పారు. ఆ స్పష్టత వల్ల ఇంట్లో సగం కంగారు తగ్గింది.

ఫార్మసిస్టు గారు మందు పేరు అడిగే ముందే నన్ను అడిగిన ప్రశ్న, "సిరంజీ మూత ఏ రంగులో ఉందండి?" అని. ఎరుపు అన్నాను. "అయితే ఆ సిరంజీని ఆ రీఫిల్ దగ్గరకు రానివ్వకండి. షాపు పైనే మా ఇల్లు, మీరు బయలుదేరి రండి, నేను కిందికి దిగుతాను" అన్నారు.

ఆయన అలా ఎందుకన్నారో షాపుకు వెళ్లిన తరువాత ఒక కాగితం మీద లెక్క వేసి చూపించారు. మన దేశంలో సీసాల్లో వచ్చే ఇన్సులిన్ ఎక్కువగా మిల్లీ లీటరుకు 40 యూనిట్ల బలంతో ఉంటుంది. దానికి తగినట్టు గీతలు గీసిన సిరంజీకి ఎర్ర మూత ఉంటుంది. పెన్నులో వేసే రీఫిల్స్ మాత్రం మిల్లీ లీటరుకు 100 యూనిట్లవి. ఆ బలానికి వాడే సిరంజీ వేరే, దాని మూత నారింజ రంగు. అమ్మ రాత్రి డోసు 16 యూనిట్లు. ఎర్ర మూత సిరంజీలో 16వ గీత వరకు లాగితే వచ్చేది 0.4 మిల్లీ లీటర్లు. రీఫిల్‌లోని మందును అంత లాగితే లోపలికి వెళ్లేది 16 యూనిట్లు కాదు, 40 యూనిట్లు. అంటే రెండున్నర రెట్లు. డెబ్బై దాటిన మనిషికి రాత్రి పూట అంత మోతాదు పడితే నిద్రలోనే షుగరు పడిపోయి, ఇంట్లో వారు గమనించే లోపే స్పృహ తప్పే ప్రమాదం ఉంది. సిరంజీ మీద గీత సరిగ్గానే కనిపిస్తుంది, లాగిన చెయ్యి కూడా సరిగ్గానే లాగుతుంది, అయినా మోతాదు తప్పుతుంది. ఇన్నేళ్లుగా పెన్నుకే అలవాటు పడిన మా ఇంట్లో ఈ సంగతి ఎవరికీ ఎప్పుడూ అవసరం పడలేదు.

ఆయన దగ్గర కూడా అమ్మ వాడే కంపెనీ పెన్ను లేదు. అయితే అదే 30/70 హ్యూమన్ ఇన్సులిన్, 40 యూనిట్ల బలం ఉన్న 10 మిల్లీ లీటర్ల వయల్ ఉంది. దానికి ఎర్ర మూత సిరంజీయే సరైనది, 16 యూనిట్లంటే 16వ గీతే. అంత తెలిసినా ఆయన వెంటనే ఇవ్వలేదు. మందుల చీటీ ఫొటో తెప్పించుకుని చదివి, డాక్టరు గారితో స్వయంగా మాట్లాడి, మందు అదేనా, మోతాదు మారుతుందా అని అడిగి నిర్ధారించుకున్నారు. మోతాదు మార్చనక్కరలేదని, పడుకునే ముందు ఒకసారి, తెల్లవారుజామున ఒకసారి గ్లూకోమీటరుతో చూడమని డాక్టరు గారు చెప్పారు. ఆ తరువాత ఫార్మసిస్టు గారు నల్ల స్కెచ్ పెన్నుతో వయల్ పెట్టె మీద "40 – ఎర్ర మూత" అని, నేను వెంట తీసుకువెళ్లిన రీఫిల్ పెట్టె మీద "100 – పెన్నుకు మాత్రమే" అని పెద్ద అక్షరాలతో రాశారు. వయల్‌ను చిన్న థర్మాకోల్ డబ్బాలో పెట్టి, ఐసు ముక్కల కవరు నేరుగా తగలకుండా మధ్యలో న్యూస్ పేపరు మడతలు వేశారు. గడ్డకట్టిన ఇన్సులిన్ కరిగినా పనికిరాదట. మబ్బుగా ఉండే ఈ మందును కుదిపేయకుండా రెండు అరచేతుల మధ్య మెల్లగా దొర్లించి కలపాలని, తెరిచిన తేదీ పెట్టె మీద రాసుకోవాలని చెప్పి, బ్యాచ్ నంబరు, గడువు తేదీతో సహా బిల్లు రాశారు. ముద్రించిన ధర కన్నా ఒక్క రూపాయి ఎక్కువ తీసుకోలేదు. పండుగ పూట ఆయన ఇంటి నుంచి మెట్ల మీదుగా కోడికూర వాసన వస్తున్నా, ఆ మాటలన్నీ నాతో ఒకసారి తిరిగి చెప్పించుకుని గాని నన్ను కదలనివ్వలేదు.

డాక్టరు చీటీ మీద మందు ఇచ్చే పని రిజిస్టర్డ్ ఫార్మసిస్టుదేనని 1948 నాటి ఫార్మసీ చట్టం చెబుతుంది. అది ఎందుకు అవసరమో ఆ ఒక్క రోజులోనే రెండు కౌంటర్ల ముందు నిలబడి చూశాను. ఆ కుర్రవాడి మీద నాకు కోపం లేదు. పండుగ నాడు వాడిని ఒంటరిగా కూర్చోబెట్టిన యజమాని మీద మాత్రం కొంచెం ఉంది.

మందుల షాపుల వారికి పండుగ ఉండకూడదని నేను అనను, వారికీ ఇంటికి వచ్చిన అల్లుళ్లు, మనవలు ఉంటారు. అయితే మా మండలంలోని షాపుల వారు భోగి, సంక్రాంతి, కనుమలకు ఒక్కో రోజు ఒక్కో షాపు తెరిచేలా ముందే మాట్లాడుకుని, ఆ షాపు పేరును, ఫార్మసిస్టు ఫోను నంబరును మిగిలిన అన్ని షట్టర్ల మీదా ఒక కాగితంపై అంటిస్తే ఎంతో మేలు చేసిన వారవుతారని ఈ సందర్భంగా కోరుతున్నాను. తీర్థం నాడు ఫోను మోగినా వినిపించని వారి నంబరు కన్నా, తెరిచి ఉన్న షాపు నంబరు ఆ షట్టరు మీద ఉంటే బాగుంటుంది.

అమ్మ ఆ రాత్రి వేళకు డోసు తీసుకుని, మినప గారెలు రెండింటితో సరిపెట్టుకుంది. తెల్లవారి చూస్తే షుగరు అదుపులోనే ఉంది. నర్సు గారు ఆ రాత్రి మొదటి డోసు తానే దగ్గరుండి వేసి, మరునాడు మా చెల్లెలి చేత వేయించి, గీత సరిగా చూస్తోందో లేదో పరీక్షించి గాని ఊరుకోలేదు. ఆవిడకు, డాక్టరు గారికి, ఫార్మసిస్టు గారికి మా ఇంటిల్లిపాది నమస్కారాలు.

ఇక ఆటో తమ్ముడి సంగతి. ప్రభల జనంతో పెద్ద రోడ్డు మూసుకుపోతే కాలువ గట్ల మీదుగా మమ్మల్ని అమలాపురం చేర్చి, షాపు ముందు అంతసేపూ కాచుకుని ఉండి, తిరిగి ఇంటి గుమ్మం వరకు దింపిన అతను, "పండగ పూట అమ్మగారి మందుకి డబ్బులేంటండీ" అని చెయ్యి అడ్డం పెట్టి వెళ్లిపోయాడు. అప్పటి నుంచి నా ఫోను ఎత్తడం లేదు. కనీసం ఆయిలు ఖర్చులైనా మా బాబాయి దగ్గర ఉంచాను, వచ్చి తీసుకోమని ఇది చదివిన మా ఊరి వారెవరైనా అతనికి చెప్పవలసిందిగా కోరుతున్నాను.