ఆదివారం చర్చ: కృషన్ చందర్

అందరికీ నమస్తే. ఈ ఆదివారం ఉర్దూ రచయిత కృషన్ చందర్ గురించి మాట్లాడుకుందాం. నవలలు రాస్తూనే బొంబాయి సినిమాలకు కథలు, మాటలు రాసినాయన. బెంగాల్ కరువుపై ఆయన రాసిన 'అన్నదాత' కథ 1946 నాటి 'ధర్తీ కే లాల్' సినిమాకు ఒక ఆధారం. మన తెలంగాణ రైతుల సాయుధ పోరాటంపై రాసిన 'జబ్ ఖేత్ జాగే' నవల 1979లో గౌతమ్ ఘోష్ తీసిన 'మా భూమి'కి మూలం. ఎక్కడో కశ్మీర్ వైపు పూంఛ్‌లో పెరిగిన మనిషి మన వెట్టిచాకిరీని, దొరల దౌర్జన్యాన్ని తన బాధగా రాయడం నాకు చాలా గొప్పగా అనిపిస్తుంది.

వీలైతే 'మా భూమి' సినిమా చూసి రండి. నల్లగొండ పల్లెల్లో సంఘం (ఆ పోరాటం నడిపిన ఆంధ్ర మహాసభ) రోజుల గురించి మీ ఇంటి పెద్దలు చెప్పిన ముచ్చట్లుంటే తప్పకుండా రాసుకొని తీసుకురండి. నవలను ఉర్దూలో చదివినవాళ్లుంటే మొదట వాళ్లే మాట్లాడాలి.