కువైట్ అంటే వీసా వార్తలేనా?

ఎడిటర్ గారికి నమస్కారం.

మీ పేపర్లో కువైట్ పేరు కనపడిందంటే అది ఏజెంట్ మోసమో, అకామా (అక్కడ ఉండనిచ్చే పర్మిట్) గొడవో, లేదంటే ఎయిర్‌పోర్టుకి వచ్చిన శవపెట్టె. అవి రాయద్దని కాదు, రాయాల్సిందే. కానీ మా రాయచోటి పక్క ఇంటికొకరు అక్కడుంటే, ఆ దేశమోళ్ళు దేనికి నవ్వుతారో ఒక్క ముక్కన్నా రాయరేంది సార్?

నేను పద్నాలుగేళ్ళు ఒక కువైటీ ఇంట్లో డ్రైవర్‌గా చేసినా. రాత్రయితే దీవానియాలో, అంటే ఇంట్లో కబుర్లు చెప్పుకునే పెద్ద గదిలో, మగాళ్ళంతా చేరతారు, చిన్న గాజు గ్లాసుల్లో టీ పోసేదీ నేనే. టీవీలో ఒక పాత సీరియల్ వేసేవాళ్ళు, దర్బ్ అల్ జలగ్ అని, అంటే జారుడు దారి. 1977లో తీసింది, ఉన్నదే 13 ఎపిసోడ్లు, అయినా డైలాగ్ టీవీలో రాకముందే మా బాబా (ఇంటి యజమానిని అట్లే పిలుస్తాం) నోట్లోంచి వచ్చేసేది, తస్బీ (జపమాల) తిప్పేది ఆపి మరీ నవ్వేవాడు. అందులో హీరో అబ్దుల్ హుసేన్ అబ్దుల్ రిదా. పాత ఇల్లు పోయినందుకు గవర్నమెంటు పరిహారం ఇస్తే, ఒక్కసారిగా డబ్బు చూసిన అన్నదమ్ములు తెలిసీ తెలియని బిజినెస్‌లన్నీ పెట్టి మునిగే కథ. నాకు అరబీ సగమే వచ్చు, కథ మాత్రం మొత్తం అర్థమైంది, రోడ్డు కింద పొలం పోయి లక్షలు చేతికొచ్చిన మా బంధువు ఒకాయనే కళ్ళముందు కనపడేవాడు.

1939లో పుట్టిన ఈ అబ్దుల్ హుసేన్ మొదట్లో ప్రింటింగ్ పని చేసినోడు, మీ లైనే అనుకోండి. 1961 నుంచి స్టేజీ మీద ఉన్నాడు. బై బై లండన్ నాటకంలో లండన్ పోయి జల్సా చేసే గల్ఫ్ షేకుల్ని ఉతికి ఆరేస్తే, ముందు వరసలో కూర్చుని నవ్వింది కూడా ఆ డబ్బున్నోళ్ళే. 1990లో సద్దాం కువైట్ మీద పడినప్పుడు మా మేనమామ కట్టుబట్టలతో అమ్మాన్ చేరి విమానమెక్కినాడు. రెండేళ్ళకి అబ్దుల్ హుసేన్ సైఫ్ అల్ అరబ్ నాటకంలో ఆ సద్దాం వేషమే వేసి జనాన్ని నవ్వించినాడు, ఆ ధైర్యం గురించి మామకి చెప్తే నమ్మలా.

అబ్దుల్ హుసేన్ 2017 ఆగస్టు 11న లండన్‌లో చనిపోయినాడు. షియా కాబట్టి ఆయన కోసం దువా (ప్రార్థన) చేయకూడదని ఒక సౌదీ మతబోధకుడు ట్విట్టర్‌లో పెడితే, సున్నీలే తిట్టిపోశారు, సౌదీ అధికారులు ఆ బోధకుణ్ణి పిలిపించినారు. మా బాబా సున్నీనే. ఆ రాత్రి నేను పోసిన టీ చల్లారిపోయింది, ముట్టలేదు, నన్ను కూడా కూర్చోమన్నాడు, అన్నేళ్ళలో అదే మొదటిసారి.

కువైట్‌లోని సాల్మియాలో అబ్దుల్ హుసేన్ పేరుతో థియేటర్ ఉంది, దాని ముందు నుంచి రోజూ కారు తోలే మనోళ్ళలో ఎంతమందికి ఆయనెవరో తెలుసు? మన హీరోల పుట్టినరోజులకి పేజీలకి పేజీలు వేస్తారు కదా, సండే బుక్‌లో నెలకొక అరబ్ నటుడి గురించి ఒక పేజీ ఇవ్వండి. రాసేవాళ్ళు లేరంటారేమో, రిటర్న్ వచ్చిన డ్రైవర్లు, వంటమనుషులు మా మండలంలోనే కావాల్సినంత మంది ఉన్నారు, వచ్చి అడగండి, కథలు మేం చెప్తాం.

ఇట్లు,
ఒక మాజీ హౌస్ డ్రైవర్, రాయచోటి